రెండు దృశ్యాల మధ్య పన్నెండు రోజులు

ఆ రాయి బరువు ఎనిమిది కిలోలకు తగ్గదు. తూచలేదు నిజమే. కానీ ముప్పై రెండేళ్ళు సర్కారు బడిలో లెక్కలు చెప్పినదాన్ని, ఇంటికి కావలసిన బియ్యం నేనే మోసుకొచ్చుకున్నదాన్ని. బరువు నా చేతికి తెలుస్తుంది. అలాంటి రాయిని యాభై ఆరేళ్ళ ఆడమనిషి, ఎడమ భుజం పైకి సరిగా లేవని మనిషి, రోడ్డు మీద నిలబడి రెండో అంతస్తు అద్దానికి గురిచూసి విసిరిందని పదకొండేళ్ళు జనం నమ్మారు. నమ్మినవాళ్ళలో ఫిజిక్స్ చెప్పి బతికే మనిషి కూడా ఉన్నాడు.

జరిగింది జరిగినట్టు చెబుతాను. 2011లో తెలంగాణ కోసం సకల జనుల సమ్మె సెప్టెంబరు పదమూడున, మంగళవారం మొదలైంది. ఆ రోజును ఒకటిగా పెట్టుకుని నేను ఒక పొడుగు నోటుపుస్తకంలో రోజుకొక పేజీ రాసుకుంటూ వచ్చాను. ఎక్కడ కూర్చున్నాం, ఎందరం, ఏం వండాం, ఎవరెవరు వచ్చారు. ఎవరూ రాయమనలేదు. రాయకపోతే రేపు ఎవరికి తోచింది వాళ్ళు చెబుతారని రాశాను.

పదహారో రోజు, బుధవారం, ఎల్బీనగర్ చౌరస్తాలో మా టీచర్ల వంటా వార్పు. రోడ్డుకు అడ్డంగా పొయ్యిలు పెట్టి, అక్కడే వండి, అక్కడే తిని, బండ్లు కదలకుండా కూర్చోవడం. ఆరు పొయ్యిలు. పొయ్యికి మూడు రాళ్ళ లెక్కన పద్దెనిమిది రాళ్ళు. డ్రైనేజీ పనికి తవ్విపోసిన గుట్ట చౌరస్తా పక్కనే ఉండేది, అందులోంచే ఏరి తెచ్చుకున్నాం. నేను మోసినవి నాలుగు.

"అక్కా, జర పైలం. కాలు మీద ఏసుకునేవు" అంది మా బడిలో తెలుగు చెప్పే ఆమె.

"ఏసుకుంటే నా కాలే గదా, నీకేంది?"

"నీ కాలు ఇరిగితే ఇరుగనీ. రేపు బియ్యం లెక్క ఎవరు రాస్తరు మరి?"

అందరూ నవ్వారు. నేను మూడో రాయిని రెండు చేతులతో ఛాతీ దాకా ఎత్తి, నడుము మీదికి తెచ్చుకోవడానికి ఒకసారి పైకి ఎగదోశాను. సరిగ్గా అప్పుడే డివైడరు మీద నిలబడ్డ ఒక టీవీ కెమెరామన్ నన్ను తీశాడు. నేను చూశాను కూడా. తీస్తే తియ్యనీ, పొయ్యి రాయే కదా అనుకున్నాను.

ముందు రోజే పెత్రమాస, పెద్దల అమావాస్య. ఎంగిలిపూల బతుకమ్మ అయిపోయి రెండో రోజు ఆట. బస్తీ ఆడవాళ్ళు రెండు బతుకమ్మలను తెచ్చి రోడ్డు మధ్యనే పెట్టి చుట్టూ ఆడుతున్నారు. నన్ను తీసిన బొమ్మలో నా కుడి భుజం వెనక పసుపుపచ్చగా ఒక గోపురం కనబడుతుంది. అది తంగేడు పువ్వు. ఈ సంగతి గుర్తు పెట్టుకోండి, ఎందుకంటే ఇంకెవరూ పెట్టుకోలేదు.

అప్పటికి పద్నాలుగేళ్ళుగా కొత్తపేటలో మా ఫ్లాటుకు ఎదురు ఫ్లాటులో కృష్ణా జిల్లా వాళ్ళుండేవాళ్ళు. నేను ఆమెను వదినా అనేదాన్ని. ఆమె నన్ను టీచరుగారూ అనేది. ఆమె భర్త దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్‌లో ఫిజిక్స్ చెప్పేవాడు. ఒక్కతే కూతురు, అప్పుడు ఇంటర్ రెండో ఏడు, లెక్కలకు నా దగ్గరే కూర్చునేది. మా ఆయన పోయిన తర్వాత రాత్రి ఏడున్నర వార్తలు వాళ్ళ హాల్లోనే చూడడం నాకు అలవాటైంది. ఉద్యమం మొదలైనా ఆ అలవాటు మానలేదు. వాదించుకునేవాళ్ళం, చాయ్ తాగేవాళ్ళం.

ఆ బుధవారం వార్తల్లో నేను కనబడ్డాను. రాయి ఎత్తాను. ఆ రాయి పైకి లేచిన చోట దృశ్యం తెగింది. వెంటనే దిల్‌సుఖ్‌నగర్‌లో రెండో అంతస్తు అద్దం భళ్ళున పగిలింది. అది ఆయన పనిచేసే కోచింగ్ సెంటర్ అద్దం. నేను మూడు సెకన్లు, అద్దం రెండు సెకన్లు, మొత్తం ఐదు. కింద ఎర్ర పట్టీ మీద "ఉద్రిక్తత" అని రాశారు.

ఆయన టీవీ వైపు చూసి, నా వైపు చూశాడు.

"టీచరుగారూ, ఏంటండీ ఇది?"

"అది పొయ్యి రాయి సార్! గా అద్దం పగిలింది నాలుగో రోజు గదా. శుక్రారం. మీరే చెప్పిన్రు, గీ సోఫాల కూసోని. ఇయ్యాల పదారో రోజు."

"ఏ రోజైతే ఏంటండి? రాయి రాయేగా. రేపు మా ఆఫీసులో నేను తలెక్కడ పెట్టుకోను? మీ ఎదురింటావిడేగా అంటారు."

రోజూ బోర్డు మీద ముందు తేదీ వేసి తర్వాత పాఠం మొదలుపెట్టే మనిషి ఆ మాట అన్నాడు. అద్దం ఏ రోజు పగిలిందో నాకంటే ఆయనకే బాగా తెలుసు. ఆ రోజు ఆ అద్దం పగిలిన గదిలోనే ఉన్నాడు. నాలుగో రోజుకూ పదహారో రోజుకూ మధ్య పన్నెండు రోజులున్నాయి. ఐదు సెకన్ల బొమ్మ ముందు ఆ పన్నెండు రోజులూ ఆయనకు కనబడలేదు.

నేను వంటగది వైపు చూశాను. ఆమె చాయ్ గ్లాసుల పళ్ళెంతో గుమ్మంలో నిలబడి ఉంది. ఒక్క మాట చెబుతుందేమోనని చూశాను. పళ్ళెం పట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది. నేను లేచి నా ఇంటికి వచ్చేశాను. నా వెనక తలుపు వేసిన చప్పుడు విన్నాను.

ఆ ఐదు సెకన్లను వారం రోజుల్లో నేను చూసినంతలో నలభై ఒక్కసార్లు వేశారు. చూడనివి ఎన్నో తెలియదు. ఆ టీవీ వాళ్ళకు రెండు ఉత్తరాలు రాశాను, రెండూ రిజిస్టరు పోస్టులో. బొమ్మలో తంగేడు పూలున్నాయి, అద్దం పగిలిన శుక్రవారం పెద్దలకు పెట్టుకునే రోజుల్లో వచ్చింది, ఆ రోజుల్లో ఏ ఇంట్లోనూ బతుకమ్మ పేర్చరు, కాబట్టి రెండు దృశ్యాలూ ఒక రోజువి కావని వివరంగా రాశాను. జవాబు లేదు.

నన్ను తిట్టినవాళ్ళ మీద కోపం ఒక ఎత్తు. మెచ్చుకున్నవాళ్ళ మీద కోపం అంతకు రెండింతలు. మా పాలు పోసే ఆమె మర్నాడు పొద్దున క్యాను దించకుండానే మొదలుపెట్టింది.

"టీచరమ్మా, మస్తు ఇసిరినవ్! మా ఆయన ఒకటే నవ్వుడు."

"ఇసరలే అమ్మా. పొయ్యికి మోసిన."

"గట్లనే చెప్పు, పోలీసోళ్ళు అడిగితే."

మా తెలుగు టీచరు నా పక్కన నిలబడి, రాళ్ళు మోసి, కళ్ళారా చూసిన మనిషి. ఆమె కూడా ఏమంది? "ఊకో అక్కా. ఇసిరిన అని చెప్పుకుంటే ఏం పాయె? పేరొచ్చింది గదా." రాష్ట్రం వచ్చిన ఏడాది కొత్తపేటలో ఒక సభ పెట్టి, ఉద్యమంలో ముందున్నవాళ్ళకు శాలువాలు కప్పారు. నన్నూ పిలిచారు. వేదిక వెనక ఫ్లెక్సీ మీద నా బొమ్మ, చేతిలో రాయి. శాలువా వద్దని మెట్లు దిగి వచ్చేశాను. ముసలామెకు పొగరు అన్నారు. నేను ఆ ఉద్యమంలో వండిపెట్టాను, వంతు తప్పకుండా కూర్చున్నాను, జీతం లేకుండా ఉన్నాను. అవేవీ ఫ్లెక్సీ మీదికి రాలేదు. చెయ్యని పని ఒక్కటి వచ్చింది.

ఎదురింటి ఆమెతో పదకొండేళ్ళు లిఫ్టులో "బాగున్నారా", "ఆఁ" తప్ప మాటల్లేవు. వాళ్ళ అమ్మాయి లెక్కలకు రావడం ఆ మర్నాటి నుంచే మానేసింది. ఇంజనీరింగు చదివి, అది వదిలేసి, ఎక్కడో సినిమా చదువు చదివి, 2022లో తిరిగి వచ్చింది. పండ్ల మార్కెట్ కొత్తపేట నుంచి తరలిపోయిన తర్వాతి సంవత్సరం. ఒక రోజు నా తలుపు కొట్టి చిన్న కార్డు ఇచ్చింది.

"ఆంటీ, నా సినిమా వేస్తున్నాం, దిల్‌సుఖ్‌నగర్‌లో. ఆదివారం పదకొండింటికి. మీరు తప్పకుండా రావాలి."

"నాకు సినిమాలు తెల్వయి బిడ్డా."

"ఇందులో కథేం ఉండదు ఆంటీ. ప్రయోగం లాంటిది. మీరు చూడాలి, అంతే."

వెళ్ళాను. ఒక పాత బిల్డింగు మూడో అంతస్తులో చిన్న హాలు, నలభై కుర్చీలు, నిండినవి ముప్పై నాలుగు. మా ఎదురింటి ఆమె రెండు వరుసల ముందు కూర్చుని ఉంది. సినిమా ఇరవై రెండు నిమిషాలు. మాటల్లేవు, మనుషుల పేర్లు లేవు. ఉద్యమం రోజుల టీవీ వార్తలను ఒక పాత టీవీలో వేసి, ఆ తెరను మళ్ళీ కెమెరాతో తీసింది. కాలుతున్న బస్సు, పరుగెత్తే కాళ్ళు, ఎర్ర పట్టీలు. శబ్దం మాత్రం కేబుల్ పోయినప్పుడు వచ్చే గరగర ఒక్కటే. తొమ్మిదో నిమిషంలో నేను వచ్చాను. రాయి ఎత్తాను, అద్దం పగిలింది. మళ్ళీ ఎత్తాను, మళ్ళీ పగిలింది. ఒక్కోసారికి ఇంకాస్త నెమ్మదిగా, ఇంకాస్త దగ్గరగా. చివరికి నా ముఖం కూడా లేదు, చుక్కలూ గీతలూ. ముప్పై ఒక్కసారి. వేళ్ళ మీద లెక్కపెట్టాను.

దీపాలు వెలిగాక చప్పట్లు కొట్టారు. చర్చ అన్నారు. గడ్డం ఉన్న ఒకతను లేచి, ఆ బొమ్మలో ఉన్న కోపం చాలా అందంగా ఉందన్నాడు. ఇంకొక అమ్మాయి, రాయి విసిరిన ఆ పెద్దావిడ ఎవరో కనుక్కునే ప్రయత్నం చేశారా అని అడిగింది.

నేను లేచి నిలబడ్డాను.

"నేనే. ఇసరలే. ఎనక తంగేడు పువ్వు కండ్ల బడలేదా మీకు? ముప్పై ఒక్కసారి చూపెట్టింది గదా!"

ఎవరో నవ్వారు. సినిమాలో భాగంగా నన్ను కూర్చోబెట్టారనుకున్నారట. ఆ గడ్డం అతను చప్పట్లు కూడా కొట్టాడు. రెండు వరుసల ముందు ఆమె వెనక్కి తిరగలేదు.

మెట్ల మీద ఆ అమ్మాయిని నిలదీశాను. అది నిదానంగా చెప్పింది: ఒక బొమ్మను మళ్ళీ మళ్ళీ చూపిస్తే అందులోని అర్థం అరిగిపోతుందట, చూసేవాళ్ళకు అనుమానం మొదలవుతుందట, నిజం ఏమిటన్నది వాళ్ళకే వదిలేసిందట.

"నీకు పదమూడో ఎక్కం నేనే నేర్పిన" అన్నాను. "ముప్పై సార్లు చెప్పిస్తే నీకు అనుమానం వచ్చిందా, నోటికొచ్చిందా?"

అది రెండు మెట్లు దిగింది. "ఆంటీ, నా దగ్గర ఒరిజినల్ టేపు ఉంది" అంది. ఆ కెమెరామన్‌ను వెతికి పట్టుకుందట. కత్తిరించకముందు తీసింది తీసినట్టు, నాలుగు నిమిషాల పది సెకన్లు. అందులో నేను రాయి మోసుకెళ్ళి పొయ్యి దగ్గర దించడం అంతా ఉందట.

"తెలిసి పెట్టినవా? నేను ఇసరలేదని తెలిసి?"

"అది పెడితే అన్నీ చెప్పేసినట్టవుతుంది ఆంటీ. ఇంకా... అందులో అమ్మ ఉంది."

నేను నమ్మలేదు. వాళ్ళమ్మ ఆ రోజు ఎల్బీనగర్ రానే లేదు. ఇంటి గడప దాటలేదు. నాకు తెలుసు, నా పుస్తకంలో ఉంది. పదకొండేళ్ళుగా చుట్టాలకూ తోటి టీచర్లకూ అదే చెబుతున్నాను: పద్నాలుగేళ్ళ స్నేహం, కిందికి దిగి చూడనైనా చూడలేదు అని.

ఆ సాయంత్రం నాలుగింటికి, నా పుస్తకం సంకలో పెట్టుకుని, పదకొండేళ్ళ తర్వాత వాళ్ళ గడప తొక్కాను. ఆ అమ్మాయి వంటగది బల్ల మీద ల్యాప్‌టాప్ పెట్టింది. ఒక పక్క నేను, ఒక పక్క వాళ్ళమ్మ. ఆయన హాల్లో పేపరు చదువుకుంటున్నాడు.

టేపులో నేను రాయి ఎత్తాను. ఈసారి దృశ్యం తెగలేదు. రాయి నడుము మీదికి వచ్చింది. పదకొండు అడుగులు నడిచి, వంగి, దించి, చీర కొంగుతో చేతులు తుడుచుకున్నాను. తర్వాత కెమెరా కొంచెం కుడికి తిరిగింది. ఇద్దరు ఆడవాళ్ళు పెద్ద ఇత్తడి గుండిగను చెరొక చెవి పట్టుకుని తెచ్చి ఆ పొయ్యి మీద పెట్టారు. ఒక చెవి పట్టుకున్నది నేను. రెండో చెవి పట్టుకున్నది ఆమె. ఆకుపచ్చ నేత చీర. గుండిగ సరిగ్గా కూర్చోకపోతే నేను ఏదో అన్నాను, ఆమె నవ్వింది.

"అది నేను కాదు" అంది ఆమె.

"అమ్మా, అది నీ చీరే."

"చీర నాదే. గుండిగా నాదే, మా పుట్టింటిది." ఇంకోసారి వెయ్యమంది. చూసింది. "నేను వెళ్ళలేదే అక్కడికి. నిజంగా గుర్తు లేదు టీచరుగారూ. మీరు రాయి ఎత్తడం గుర్తుంది, అద్దం పగలడం గుర్తుంది. నేను కళ్ళతో చూశాననే అనుకుంటున్నాను ఇన్నాళ్ళూ."

"ఎట్ల చూస్తవ్ వదినా? గా రెండూ ఒకచోట జరగలే, ఒకనాడు జరగలే!"

"అదే చెబుతున్నాను. అయినా చూసినట్టే ఉంది."

నాకు ఒళ్ళు మండింది. భర్తకు భయపడి నోరు మూసుకున్నానని చెబితే ఒప్పుకునేదాన్ని. గుర్తు లేదనడం ఏమిటి? గుండిగ మోసి, నవ్వి, అన్నం తిని, ఆ సాయంత్రమే ఇదంతా మర్చిపోతారా ఎవరైనా? నోటికి వచ్చినవన్నీ అన్నాను. రాయను ఇక్కడ. ఆమె ఏదీ కాదనలేదు.

"చూడు, రాసి పెట్టిన" అని పదహారో రోజు పేజీ తెరిచాను. గట్టిగా చదివాను. పొయ్యిలు ఆరు. రాళ్ళు పద్దెనిమిది. బియ్యం నలభై కిలోలు. పాత్రలు: బడివి నాలుగు, కిరాయివి రెండు, మొత్తం ఆరు. ఎదురింటి ఆమె రాలేదు.

చదివిన తర్వాత నేనే ఆగిపోయాను. మా బడిలో మధ్యాహ్న భోజనం వండే పెద్ద గంజులు మూడే. నాలుగోది ఎన్నడూ లేదు. స్టాకు రిజిస్టరు పన్నెండేళ్ళు నా చేతిలోనే ఉంది. బడివి మూడు, కిరాయివి రెండు, ఆమె గుండిగ ఒకటి. అదీ అసలు లెక్క. ఆ పేజీ నేను ఆ రాత్రి రాసింది. ఏడున్నర వార్తలైన తర్వాత, ఆ తలుపు పడిన తర్వాత. ఆమె గుండిగను తీసేశాను. తీసేస్తే మొత్తం ఐదే అవుతుంది కనుక, మొత్తం సరిపోవడానికి మూడును నాలుగు చేశాను. ఆమెను రాలేదని రాశాను. ఆ తర్వాత ఏటా సెప్టెంబరులో ఆ పేజీ తీసి చదువుకుని, చూశారా, రాలేదు అనుకున్నాను.

ఆమె పక్కన గుండిగ మోయడం నాకు గుర్తు రాలేదు. ఇప్పటికీ రాదు. టేపులో చూసింది మాత్రం గుర్తుంది.

"ఆంటీ" అంది ఆ అమ్మాయి, మెల్లగా. "మీరూ కత్తిరించారు."

చెంప మీద కొట్టాలనిపించింది. అది తప్పు మాటైతే కొట్టేదాన్నే.

నా డిమాండు నేను పెట్టాను. అద్దానికీ రాయికీ మధ్య పన్నెండు రోజులున్నాయని సినిమాలో చెప్పాలి, టేపు మొత్తం వెయ్యాలి. ఆ అమ్మాయి కూడా ఒక షరతు పెట్టింది. అట్లయితే ఈ పేజీ కూడా సినిమాలో ఉంటుంది, మీ గొంతుతోనే చదవాలి, ఉన్నది ఉన్నట్టు, నాలుగును నాలుగుగానే. నేను రాయి విసరలేదని లోకం తెలుసుకోవాలంటే, నా లెక్కలో దొంగతనం ఉందని కూడా అదే లోకం తెలుసుకోవాలి. ముప్పై రెండేళ్ళు ఎందరు పిల్లల జవాబు పత్రాల మీద ఎర్ర సిరాతో సున్నా వేశానో నాకు తెలుసు.

"మరి మీ అమ్మ?" అన్నాను. "ఆమె కనబడుతది గదా."

ఆమె లేచి హాలు వైపు వెళ్ళింది. "ఏమండీ, ఇలా వచ్చి ఇది చూడండి" అంది. ఆయన వచ్చి, నిలబడే నాలుగు నిమిషాల పది సెకన్లూ చూశాడు. భార్యను తెరమీద గుర్తుపట్టాడు, ముఖంలో తెలిసింది. చెప్పులు వేసుకుని రైతుబజారుకు వెళ్ళిపోయాడు. నాకు క్షమాపణ అక్కరలేదు, "పదహారో రోజా" అని ఒప్పుకుంటే చాలు. అదీ అనలేదు. ఇవాళ్టికీ అనలేదు.

నేను పేజీ చదివాను. ఆ అమ్మాయి మూడుసార్లు చదివించింది. "కొంచెం ఫీల్‌తో ఆంటీ" అంది. మూడోసారి నా గొంతులో ఏదో జాలి చేరింది, విన్నవాళ్ళు అయ్యో అనేట్టు. అది పారెయ్, మొదటిదే ఉంచు అన్నాను. మొదటిదాంట్లో కోపం తప్ప ఏమీ లేదు.

రెండు నెలల తర్వాత అదే హాల్లో మళ్ళీ వేశారు. ఈసారి ఇరవై ఆరు నిమిషాలు. ముప్పై ఒక్కసార్లను తగ్గించి ఒకటి చేసింది. నేను రాయి ఎత్తగానే తెర నల్లబడింది. అద్దం రాలేదు. రోజుకొక సెకను చొప్పున పన్నెండు సెకన్ల చీకటి పెట్టింది. మా ఎదురింటి ఆమె నా పక్క కుర్చీలో కూర్చుని ఉంది. ఏడో సెకనుకే జనం కదలడం మొదలుపెట్టారు. ఎవరో దగ్గారు. నా వెనక ఒకతను ఫోను వెలిగించాడు.

"బంద్ చెయ్" అన్నాను.

"టీచరుగారూ, ష్" అని ఆమె నా మోచెయ్యి పట్టుకుంది.

"పన్నెండు సెకన్లు కూసోరాదా? నేను పదకొండేండ్లు కూసున్న."

అతను ఫోను ఆర్పాడు. అంతలో ఆ చీకట్లోంచే నా గొంతు హాలంతా మోగింది. పొయ్యిలు ఆరు. రాళ్ళు పద్దెనిమిది. పాత్రలు, బడివి నాలుగు. పక్కన ఆమె నా చెయ్యి వదిలి, వినడానికి ముందుకు వంగింది.